లాము వెళ్లవలసిన తలుపు

ముప్ఫైల నాటి మాట. అప్పట్లో ఆఫ్రికా ఏలూరుకి పది మైళ్ళ దూరంలో ఉండేది. గురువారం పొద్దున్నే బయల్దేరి వెళ్ళి, అక్కడి పద్ధతిలో గుమ్మం ముందు నిలబడి కేక వేసి, అక్కడి చేపల కూర తిని, దీపాలు పెట్టే వేళకి ఏలూరు వచ్చేసేవాణ్ణి.

నమ్మరని తెలుసు. సరే, కొంత తగ్గించుకుంటాను. ఖండమంతా అక్కడ లేదు. సింహాలూ ఏనుగులూ లేవు. కొల్లేటి మధ్య ఒక లంకలో ఒక అరుగు, ఒక కొబ్బరి కోరే పీట, సగం చెక్కిన ఒక టేకు తలుపు ఉండేవి. వాటి మధ్య పెద్దింటయ్య కూర్చుని ఉండేవాడు. ఆఫ్రికాని అంతకంటే దగ్గరగా చూసినవాడు మా వైపు ఇంకెవడూ లేడు కాబట్టి, నా లెక్కన అదే ఆఫ్రికా.

నేను ఏలూరులో సిస్టర్ల దగ్గర చదువుకున్నవాణ్ణి. ఇంగ్లీషు, లెక్కలు, అబద్ధమాడితే నరకానికి పోతావన్న సంగతి వాళ్ళే నేర్పారు. మొదటి రెండూ బాగానే వంటబట్టాయి. చదువయ్యాక కాన్వెంటులోనే చిన్న పని ఇచ్చారు. సిస్టర్లు శుక్రవారం మాంసం ముట్టరు. అందుకని ప్రతి గురువారం కొల్లేరు వెళ్ళి చేపలు తేవడం నా ఉద్యోగం.

మొదటిసారి ఆ లంకకి వెళ్ళిన రోజు దోనె దిగి తిన్నగా అరుగు ఎక్కబోయాను.

"ఆగండి బాబూ," అన్నాడు అరుగు మీద కూర్చున్న మనిషి. నలభై దాటి ఉంటాయి. నెరిసిన గడ్డం, నెత్తిన సన్నటి కుట్టుపని చేసిన తెల్ల టోపీ. "ఎవరింటికన్నా వస్తే ముందు హోడీ అనాలండి."

"అదేం మాట?"

"రావచ్చా అని అడగడమండి. లోపలోళ్ళు కరీబు అంటే రావాలి. అనకపోతే ఎల్లిపోవాలి."

"నేను చేపలు కొనడానికి వచ్చాను బాబాయ్."

"అయితే గట్టిగా అనండి."

హోడీ అన్నాను. లోపలి నుంచి ఒక ముసలావిడ గొంతు వినిపించింది. "వీడి గోల మీకెందుకు బాబూ, ఎక్కండి. ఓడల మీద తిరిగి తిరిగి తల తిరిగింది వీడికి." ఆవిడ మంగాయమ్మ, పెద్దింటయ్య తల్లి.

పెద్దింటయ్య ఆ లంకలోనే పుట్టాడు. మీసాలొచ్చే వయసులో బందరు వెళ్ళి తెరచాప ఓడ ఎక్కాడు. ఆ ఓడ మీంచి ఇంకో ఓడ మీదికి మారుతూ బొంబాయి చేరి, అక్కణ్ణించి అరబ్బుల ఓడలో ఆఫ్రికా ఒడ్డున లాము అనే దీవిలో దిగాడు. అక్కడి పాతకాలపు పడవలకి మేకులుండవట. పలకల్ని కొబ్బరి తాడుతో కలిపి కుడతారు. మన సముద్రపు ఒడ్డు పడవల్నీ అలాగే కుడతారు కాబట్టి దిగిన వారానికే అతనికి పని దొరికింది. దిగిన సంవత్సరానికి పెళ్ళి కూడా అయింది. ఇరవయ్యేళ్ళ తర్వాత, నేను చేపలకి వెళ్ళడం మొదలుపెట్టిన సంవత్సరమే, తిరిగి ఇల్లు చేరాడు.

పెళ్ళి సంగతి తల్లికి తెలియదు. నాకు మాత్రం తెలుసు. లంక నుంచి గట్టుకి నన్ను దోనెలో దింపేటప్పుడు, నీళ్ళ మీదకి వచ్చాక, వెనక్కి ఒకసారి చూసుకుని చెప్పేవాడు. ఆ ఊళ్ళో ఇళ్ళన్నీ సముద్రపు రాతితో కట్టినవి, సున్నం తెల్లగా మెరుస్తుంది. సందులు ఎంత ఇరుకంటే, బరువుతో గాడిద ఎదురొస్తే మనిషి ఎవరో ఒకరి గుమ్మంలోకి తప్పుకోవాలి. సాయంత్రమైతే మగాళ్ళంతా వీధి అరుగుల మీద చేరతారు. కాఫీ అమ్మేవాడు చిన్న పింగాణీ గిన్నెలు రెండు వేళ్ళ మధ్య పట్టుకుని టకటకలాడిస్తూ వస్తాడు. ఆ చప్పుడు వినిపిస్తే కబుర్లు మొదలు. పెద్దింటయ్య భార్య పేరు మ్వానాషా. ఆ పేరు పలకడానికి నాకు చాలా రోజులు పట్టింది.

"అక్కడ ఆడోళ్ళు ఇంట్లో కట్టుకునే బట్ట మీద మాటలు అచ్చేసుంటాయండి," అన్నాడు ఒకసారి. "నోటితో అనలేని మాట బట్ట మీద ఉంటది. మా ఆవిడకి కోపమొస్తే ఒక్క మాట అనదు. అలాంటి బట్ట కట్టుకుని నా ముందు నించి అటూ ఇటూ తిరుగుద్ది."

"ఏం రాసి ఉంటుంది దాని మీద?"

"నాకు చదవడం రాదు కదండి. అదే ఆవిడకి ఇంకా కోపం."

అప్పుడు నవ్వాడు. అతను నవ్వగా చూసిన కొద్ది సార్లలో అదొకటి.

వాళ్ళకి ఒకతే కూతురు, సాలిమా. లాములో ఆడపిల్లకి పెళ్ళి చేస్తే తండ్రి ఇల్లు ఇవ్వాలి. పిల్ల అత్తారింటికి వెళ్ళదు, అల్లుడే వచ్చి ఆ ఇంట్లో ఉంటాడు. లేనివాళ్ళు తమ ఇంటి మీదే ఇంకో గది లేపి ఇస్తారు. ఇల్లు ఎంత చిన్నదైనా సరే, గుమ్మానికి చెక్కిన తలుపు ఉండాలి. ఆ తలుపుని చూసే పిల్ల ఎలాంటి ఇంటిదో చెబుతారు. అందరూ అక్కడి పనస కర్రతోనో మామిడి కర్రతోనో చేయించుకుంటారు. పెద్దింటయ్య కూడా అలాగే చేయిస్తే సరిపోయేది.

"అరుగు మీద గొప్పలు పోయానండి," అన్నాడు. "మా ఊరి కాలవలో టేకు దుంగలు కట్టెపుల్లల్లా తేలుకుంటా వస్తాయన్నాను. మా అమ్మాయికి టేకు తలుపే పెడతానన్నాను. వియ్యంకుడు పక్కనే కూర్చుని విన్నాడు. ఇంక మాట వెనక్కి తీసుకోడానికి లేదు."

గొప్పలు చెప్పే మనిషి కష్టం నాకు కొంత తెలుసు.

ఆ సముద్రం మీద ఓడలు గాలిని బట్టి నడుస్తాయి. వానాకాలపు గాలి వాటిని మన వైపు తోస్తుంది, చలికాలపు గాలి ఇటు నుంచి అటు తోస్తుంది. మధ్యలో ఎంత ఏడ్చినా దారి లేదు. పెద్దింటయ్య మొదటి గాలికి వచ్చాడు. చలిగాలి ఉండగానే తలుపుతో తిరిగి వస్తానని, వచ్చాక పెళ్ళని భార్యకి మాట ఇచ్చాడు. రాజమండ్రి నుంచి ఏలూరు కాలవలో వచ్చే టేకు తెప్పల్లోంచి తాడేపల్లిగూడెంలో ఒక దుంగ బేరమాడి, అక్కడే పలకలు కోయించి, పడవలో లంకకి తెచ్చుకున్నాడు. చెక్కడం మాత్రం తనే చెక్కాడు. అంచుల వెంట గొలుసు, అడుగున తామర, మధ్యలో చేపలు. అక్కడ ఖర్జూరం చెట్టు చెక్కే చోట ఇతను తాటిచెట్టు పెట్టాడు. సముద్రపు చేపకి బదులు కొర్రమీను చెక్కాడు, పాము లాంటి తలతో, పొలుసు పొలుసూ విడివిడిగా.

"గూడకొంగ కూడా ఒకటి చెక్కరా," అనేది మంగాయమ్మ. "కొల్లేరంటే కొంగలు లేకుండా ఏంటి?"

"అక్కడ తలుపుల మీద పిట్టల్ని చెక్కరే అమ్మా. చేప ఒక్కటే."

"ఎక్కడో తలుపుకి ఇక్కడ కూచుని ఇంత పనేంటిరా నీకు?"

"దొర చేయించుకుంటన్నాడు."

ఆవిడ నమ్మేది. కొడుకు కొర్రమీనుని చింతపండు లేకుండా కొబ్బరిపాలల్లో వండి పెడితే మాత్రం నాతో మొర పెట్టుకునేది. "పులుపు లేని చేపల కూరేంటి బాబూ? పాలల్లో ఉడకేస్తాడు, చంటిపిల్లకి పెట్టినట్టు." అంటూనే రెండోసారి వడ్డించుకునేది.

మాఘమాసం వచ్చింది. తలుపు పూర్తయింది. గడ్డి చుట్టి, తాళ్ళతో కట్టి, ఏలూరు స్టేషనుకి తరలించడానికి సిద్ధం చేశాడు. ఆ గురువారం నేను వెళ్ళేసరికి తల్లీ కొడుకూ వాదులాడుకుంటున్నారు.

కొడుకు తిరిగొస్తే ఫాల్గుణంలో కొల్లేటికోట పెద్దింట్లమ్మ జాతరలో అమ్మవారి సంగడి అతని చేత నడిపిస్తానని మంగాయమ్మ ఎప్పుడో మొక్కుకుంది. రెండు దోనెల్ని జోడించి కడితే సంగడి. ఆ సంగడి గడ వేసి నడపడం మా వైపు చేపలు పట్టేవాళ్ళలో పెద్ద గౌరవం. జాతర కాకుండా దూరప్రయాణం పెట్టుకునే అలవాటు కూడా వాళ్ళలో లేదు.

"ఇరవయ్యేళ్ళు రాకుండా ఉన్నోడివి, నెల్రోజులు ఉండలేవా?"

"నేనుంటానే. గాలి ఉండదు."

"గాలెవరిదిరా? అమ్మవారిది కాదూ? ఆవిడ సంగడి నడిపేవాడి కోసం ఆవిడ గాలి పట్టుకోలేదా?"

పెద్దింటయ్య నా వైపు చూశాడు. అసలు కారణం చెబితే భార్య సంగతి, ఆవిడ మతం సంగతి, నిక్కా రోజున అక్కడ తనకి పెట్టిన పేరు సంగతి అన్నీ బయటపడాలి. చెప్పలేదు. తాళ్ళు విప్పాడు. దోనెలో నన్ను దింపేటప్పుడు అన్నాడు, "మా అమ్మ మాట కొట్టెయ్యలేకపోయానని కాదండి. నిజంగా అమ్మవారు గాలిని పట్టుకుంటదేమో అనిపించింది."

జాతరకి నేనూ వెళ్ళాను. దోనెలు ఎన్ని వచ్చాయంటే, వాటి మీద నడుచుకుంటూ కొల్లేటికోట నుంచి ఆటపాక వెళ్ళొచ్చు. సగం దూరం వెళ్ళొచ్చు అనుకోండి. అమ్మవారి సంగడికి పసుపు జెండాలు కట్టారు. ముందు పెద్దింటయ్య గడ పట్టుకుని నిలబడ్డాడు. బయల్దేరినప్పుడు జెండాలు సముద్రం వైపు, నైరుతిగా ఎగురుతున్నాయి. సరస్సు నడుమకి వచ్చేసరికి వాలిపోయాయి. కాసేపు గుడ్డపీలికల్లా వేలాడాయి. తర్వాత ఒక్కొక్కటే లేచి ఉత్తరానికి తిరిగాయి.

"అబ్బ, పైరగాలి," అంది నా పక్క దోనెలో ఒకావిడ, పైట సర్దుకుంటూ. "ఇంక చలి పోయింది."

జనమంతా హాయిగా ఉందన్నారు. పెద్దింటయ్య గడ నీళ్ళలో దించి, పైకి తియ్యడం మరిచిపోయాడు. సంగడి గడ చుట్టూ మెల్లగా పక్కకి తిరిగింది. వెనక ఉన్నవాడు, "ఏంట్రా బాబాయ్, నిద్రోయావా?" అని అరిచాక మళ్ళీ గడ వేశాడు. గుడి దాకా సక్రమంగానే నడిపాడు. మొక్కు తీరింది.

ఆ ఏడాదంతా అతను తలుపుని చూరు కింద నిలబెట్టి, వారానికోసారి నూనె రాసేవాడు. మళ్ళీ చలిగాలి వచ్చే కార్తీకానికి తల్లికి ఒక పక్క చెయ్యీ కాలూ పడిపోయాయి. ఎత్తి కూర్చోబెట్టాలి, నోట్లో ముద్ద పెట్టాలి. చేసేవాళ్ళు ఇంకెవరూ లేరు. గాలి మొదలైంది. పెద్దింటయ్య పగలు తల్లి పక్కన కూర్చుని, తాటాకు చూరు ఎటు ఊగుతోందో చూస్తూ ఉండేవాడు.

పుష్యమాసంలో ఒక గురువారం నేను ఉండగానే చెప్పేశాడు. మ్వానాషా గురించి, సాలిమా గురించి, తలుపు గురించి, తన పేరు గురించి కూడా. మంగాయమ్మ మాట అప్పటికి కొంచెం ముద్దగా వచ్చేది.

"నాకు మనవరాలుందా?"

"ఉందే."

"ఎలా ఉంటది?"

"నీ ముక్కే."

"మరి చెప్పలేదేరా?" అంది. "పిల్ల పెళ్ళని చెబితే మొక్కు నేనే మార్చుకునేదాన్ని కదరా. జాతర్లో అమ్మవారికి చేసేదీ పెళ్ళే. ఆడపిల్ల పెళ్ళంటే ఆవిడ అడ్డం పడుద్దా?"

పెద్దింటయ్య ఆవిడ నోటి పక్క కారిన గంజిని తుడిచాడు. తుడిచిన చోటే మళ్ళీ తుడుస్తూ ఉండిపోయాడు.

మాఘం వచ్చీ రాగానే మంగాయమ్మ పోయింది. పోయే ముందు రోజు కూడా గాలి ఉందా అని అడిగిందట. పెద్దకర్మ అయ్యేసరికి గాలి ఇంకా ఉంది. ఇప్పుడు ఆపేవాళ్ళు లేరు. నేను కాన్వెంటులో సెలవు అడిగి, అతనితో స్టేషను దాకా వెళ్ళడానికి లంకకి వచ్చాను. తలుపుని సంగడి మీదకి ఎత్తి కట్టేశాం. చివరి ముడి వేస్తుండగా గట్టు వైపు నుంచి ఒక దోనె వచ్చింది. అందులోంచి దిగిన మనిషి పేరు తాతాజీ. బందరు వాడు, పెద్దింటయ్యతో ఓడల మీద పనిచేసినవాడు. నిరుటి దాకా లాములోనే ఉన్నాడు.

దిగినవాడు పెద్దింటయ్యని కావలించుకోలేదు. చేత్తో భుజం నొక్కి చూశాడు.

"బతికే ఉన్నావన్నమాట," అన్నాడు. "జాతర్లో సంగడి నడిపావని బందరులో ఎవరో అంటే నమ్మలేదు."

"నాకేం? సాలిమా ఎలా ఉంది?"

తాతాజీ అరుగు మీద కూలబడ్డాడు. "పెళ్ళయిపోయింది."

"తలుపు లేకుండానా?"

"నిరుడు ఆఖరి ఓడ కూడా వచ్చింది. నువ్వు రాలేదు. ఇల్లివ్వాల్సొస్తదని తండ్రి పారిపోయాడన్నారు మగపెళ్ళివారు. సంబంధం వద్దన్నారు. అరుగుల మీదంతా అదే మాట. అప్పుడు మీ ఆవిడ బయటికొచ్చి, నువ్వు సముద్రంలో పోయావని చెప్పింది. ఎవరో చూశారంది. తెల్లబట్ట కట్టేసి గదిలో కూచుంది. నాలుగు నెలలు గడప దాటలేదు. తండ్రి పోయిన పిల్లని ఇల్లేదని ఎవరడుగుతారు? పాపం అన్నారు, చేసుకున్నారు. అత్తారింట్లో ఒక గది ఇచ్చారు."

"ఆ గదికి ఏ తలుపుంది?"

"తలుపు లేదురా. గుడ్డ కట్టారు."

పెద్దింటయ్య తాడు చివర పట్టుకుని అలాగే నిలబడ్డాడు. నేనే ధైర్యం తెచ్చుకుని, "ఇప్పుడు వెళ్ళి తలుపు పెట్టొచ్చు కదండీ," అన్నాను.

తాతాజీ నన్ను చంటిపిల్లాణ్ణి చూసినట్టు చూశాడు. "వెళ్తే ఏమవుద్ది బాబూ? చచ్చిపోలేదని తెలుస్తది. చావనోడు వేళకి ఎందుకు రాలేదంటారు. తల్లి అబద్ధమాడి పిల్లని అంటగట్టిందంటారు. ఆ పిల్లని ఆ గదిలో కూడా ఉండనివ్వరు. నేను అక్కడికెళ్ళినా ఇతన్ని చూశానని చెప్పను." తర్వాత పెద్దింటయ్యతో మెల్లగా అన్నాడు. "అక్కడ నువ్వు పోయావురా. పోయినట్టే ఉండు. ఆ పిల్లకి నువ్వివ్వగలిగింది అదొక్కటే."

తాతాజీకి కొబ్బరిపాల కూర వండి పెట్టాడు పెద్దింటయ్య. ఇద్దరూ తిన్నారు. తను పోయాడని మ్వానాషా నమ్మి చెప్పిందా, నమ్మకుండా చెప్పిందా అని అతను అడుగుతాడేమోనని నేను చూశాను. అడగలేదు. సాయంత్రం తాతాజీని గట్టున దింపి వచ్చి, సంగడి మీది తాళ్ళు ఒక్కొక్కటే విప్పాడు. తొందర లేదు కాబట్టి ఒక్క ముడీ కొయ్యలేదు.

ఆ తర్వాత నేను మిగతా లంకల్లో చేపలు కొనడం మొదలుపెట్టాను. అతని ఎదురుగా కూర్చోవడం కష్టంగా ఉండేది. ఏలూరులో మాత్రం ఈ కథ నలుగురికీ చెప్పాను. చెప్పినప్పుడల్లా తలుపు కొంచెం పెద్దదయ్యేది. చివరికి ఏనుగు దూరేంత అయింది. పెళ్ళయ్యాక మా ఆవిడ హన్నమ్మకి చెబితే, "ఆ తలుపేదో చూపించండి, అప్పుడు నమ్ముతాను," అంది. సరేనని ఒక వేసవిలో, నీళ్ళు బాగా తగ్గి ఉన్నప్పుడు, ఆమెని తీసుకుని లంకకి వెళ్ళాను.

అరుగు విరిగిపోయి ఉంది. గుడిసెకి తడిక తప్ప తలుపు లేదు. గుడిసె ముందు చిన్న పిల్లకాలవ, దాని మీద దాటడానికి ఒక వెడల్పాటి బల్ల. పైన నున్నగా, కాళ్ళ తాకిడికి నల్లబడి ఉంది. నేను కాలవలోకి దిగి వంగి చూశాను. బల్ల అడుగున నాచు పట్టి, నత్తలు అంటుకుని, గొలుసు అంచు కనిపించింది. దాని పక్కన పాము తల కొర్రమీను, నీళ్ళలోకి చూస్తూ.

గట్టెక్కి గుమ్మం ముందు నిలబడి, "హోడీ," అన్నాను.

లోపల ఎవరో కదిలారు. జవాబు రాలేదు. మళ్ళీ అన్నాను. తడిక తోసుకుని పెద్దింటయ్య వచ్చాడు. నెత్తిన టోపీ లేదు. నన్ను చూశాడు, హన్నమ్మని చూశాడు.

"ఎవరు కావాలండి?"

"నేను బాబాయ్, కృపానందాన్ని. కాన్వెంటు చేపలకి వచ్చేవాణ్ణి."

"ఆయ్, కృపానందం గారండీ. చేపలు లేవండి, నీళ్ళు తీసేసినాయి."

"చేపలకి కాదు బాబాయ్. మా ఆవిడ మీ తలుపు చూస్తానంటే తీసుకొచ్చాను. లాము తలుపు."

అతను కాలవ వైపు చూడలేదు. వచ్చి బల్ల మీద రెండు కాళ్ళూ మోపి నిలబడ్డాడు.

"తలుపేంటండి? ఇది కాలవ మీద వేసుకున్న బల్ల," అన్నాడు. తర్వాత హన్నమ్మ వైపు తిరిగి, చాలా మర్యాదగా చెప్పాడు. "మీ ఆయన మంచోరేనమ్మా. నోరు తెరిస్తే కథలు. నేను కైకలూరు దాటి ఎప్పుడూ ఎక్కడికీ వెళ్ళలేదు. నాకు పెళ్ళి కాలేదు. పిల్లలెవరూ లేరు."